పీరు ఇచ్చిన పేరు

మొన్న ఆదివారం పొద్దున మా ఎదురు ఫ్లాటు వాళ్ళు ఒక మిఠాయి డబ్బా ఇచ్చి వెళ్ళారు. ఇద్దరూ సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు చేసుకునే ముస్లిం దంపతులు, వాళ్ళకు పుట్టిన బాబుకు పేరు పెట్టారట. నేను ఉద్యోగం నుంచి రిటైరయ్యాక అమీన్‌పూర్‌లో మా అమ్మాయి దగ్గరే ఉంటున్నాను, ఈ అపార్టుమెంటులో ఎవరింట్లో ఏ శుభం జరిగినా మా గడప దాకా మిఠాయి వస్తుంది గానీ మనిషి మాత్రం లోపలికి వచ్చి కూర్చోడు, అందరికీ ఏదో తొందర. డబ్బా మీద అతికించిన చిన్న కార్డును మా మనవరాలు పైకి చదివి, "అమ్మమ్మా, బాబు పేరు ఖాసిం అంట, అంటే పంచిపెట్టేవాడు అని అర్థమంట" అంది. నేను ఆలోచించకుండానే "తెలుసు బిడ్డా" అన్నాను. వంటింట్లోంచి మా అమ్మాయి తొంగి చూసి, నీకెట్లా తెలుసని అడిగింది. మీ మామయ్య పేరు కదా అన్నాను. అది నవ్వి, "మామ పేరు కాశీనాథ్ గదనే అమ్మా, మర్చిపోయినవా" అంది.

మర్చిపోలేదు. ఆ కాశీనాథ్ అనే పేరును కాగితం మీద మొట్టమొదట రాసిన చెయ్యి నాదే. కానీ మేనమామ చేతుల్లో పెరిగిన నా కూతురికి, ఇరవై ఏళ్ళు వచ్చేదాకా ఆయన్ను చూసిన పిల్లకు, ఆయన అసలు పేరు తెలియదని ఆ నిమిషంలో తెలిసివచ్చింది. మేము ఎంత శుభ్రంగా తుడిచేశామో అప్పుడు అర్థమైంది. ఆ రోజు వాళ్ళకు చెప్పలేకపోయినదాన్ని ఇక్కడ రాసుకుంటున్నాను. నా ఈడు వాళ్ళు, మా పటాన్‌చెరు చుట్టుపక్కల ఊళ్ళలో పుట్టి పెరిగినవాళ్ళు చదివితే ఇందులో చాలా సంగతులు వాళ్ళవి కూడా అయి ఉంటాయి.

మాది పటాన్‌చెరుకు, గడ్డపోతారానికి నడుమ ఒక చిన్న ఊరు. తాతల నాటి నుంచి వ్యవసాయమే, కొద్దిపాటి భూమి, ఒక మోటబావి, నాలుగు పశువులు. మా అమ్మకు అన్న కంటే ముందు ఇద్దరు పిల్లలు పుట్టి, ఒకరు పురిట్లోనే, ఒకరు పాకే వయసులో పోయారట. మూడోసారి కడుపుతో ఉన్నప్పుడు పీర్ల పండుగ వచ్చింది. ఆ రోజుల్లో మా ఊళ్ళో పీర్ల పండుగ అంటే సాయిబుల పండుగ అని ఎవరూ అనుకునేవారు కాదు. ఊళ్ళో సాయిబుల ఇళ్ళు నాలుగే ఉండేవి, పీర్లను ఎత్తుకునేది, డప్పు కొట్టేది, అలావ అనే నిప్పుల గుండం చుట్టూ ఆడేది అంతా మావాళ్ళే. పీర్ల చావిడిని చూసుకునే పెద్దమనిషిని ముజావరు తాత అనేవాళ్ళం. సన్నగా, పొడుగ్గా, గడ్డం మాత్రం తెల్లగా గుబురుగా ఉండేది, ఊదు పొగ వాసన ఆయన బట్టలను ఎప్పుడూ వదిలేది కాదు. అమ్మ ఆయన ముందు కొంగు చాపి ఏడ్చిందట. ఆయన ఖాసిం పీరు ముందర ఊదు వేసి, ఎర్రదారం ఒకటి అమ్మ చేతికి కట్టి, "బతుకుతడు బిడ్డా. బతికినంక గీ పీరు పేరే పెట్టు, నీ ఇంట్ల మా పిలగాడనుకుంటం" అన్నాడట.

అన్న బతికాడు. నామకరణం నాడు మా నాయిన తరఫు పెద్దలెవరూ నొసలు ముడవలేదు. ఎందుకు ముడుస్తారు, మా ఊళ్ళోనే ఒక సైదులు ఉండేవాడు, ఒక ఫకీరయ్య ఉండేవాడు, మా నాయినమ్మ చెల్లెలి పేరు హుసేనమ్మ, ఆమె ప్రతి శనివారం ఆంజనేయుడి గుడిలో దీపం పెట్టిన తరువాతే నోట్లో మెతుకు పెట్టుకునేది. ఖా అనే అక్షరం మా ఊరి నోళ్ళకు తిరిగేది కాదు కనుక అందరూ కాశిం అని పిలిచేవారు. నేను నాలుగేళ్ళ తరువాత పుట్టాను. నాకు అమ్మ ఏ మొక్కూ మొక్కలేదు, ఆ దిగులు ఒకటి చిన్నప్పుడు నాకుండేది, అన్నకు ఒక పీరు ఉన్నాడు, నాకు ఎవరూ లేరని.

ఏటా పండుగకు అన్న మెడలో ఎర్ర పచ్చ దారాలు వేసి, అమ్మ వాణ్ణి ఐదిళ్ళు ఫకీరుగా తిప్పేది. నేను వెనకాలే వెళ్ళేదాన్ని. సాయంత్రం చావిడి దగ్గర మలీద పంచేవారు. జొన్నరొట్టెలు చేసి, వేడిగా ఉన్నప్పుడే చేత్తో నలిపి, బెల్లం, నెయ్యి కలిపి చేసేదాన్నే మలీద అంటారు, ఇప్పటి పిల్లలు దాని రుచి ఎరుగరు. అమ్మ చేసిన మలీద పళ్ళెం పీరు ముందు పెట్టి తీశాక ముజావరు తాత దాన్ని ఎవరికీ ఇవ్వకుండా అన్న చేతుల్లోనే పెట్టేవాడు. "ఖాసిం అంటే పంచేటోడు. నీ పేరే అది, పంచు బేటా" అనేవాడు. అన్న వచ్చిన ప్రతివాళ్ళకూ గుప్పెడు గుప్పెడు పెట్టుకుంటూ పోయి, చివరికి నా దగ్గరికి వచ్చేసరికి పళ్ళెంలో పొడి తప్ప ఏమీ మిగిలేది కాదు. నేను ఏడ్చేదాన్ని. అన్న పళ్ళెం అంచులు గీకి, ఆ కాస్త పొడినీ నా నోట్లో వేసి, తను వేళ్ళు నాక్కునేవాడు. ఆ వయసులో అది త్యాగమని నాకు తెలియలేదు, లెక్క రాని మనిషని తిట్టుకునేదాన్ని.

అన్న పదో తరగతి అయ్యేనాటికి మా ఊరి చుట్టూ ఫ్యాక్టరీలు మొదలయ్యాయి. ముందు కొందరి భూములు పోయాయి, మాది సగం మిగిలింది. మిగిలిన సగం పోయిన దానికంటే ఎక్కువ ఏడిపించింది. వాగు నీళ్ళ మీద నురగ తేలడం మొదలైంది, రెండేళ్ళకు మా మోటబావి నీళ్ళు పసుపు రంగుకు తిరిగాయి, ఆ నీళ్ళు పారిన మడిలో వరి మొలిచేది గానీ గింజ పట్టేది కాదు. మా నాయిన బావి గట్టు మీద కూర్చుని నీళ్ళ వంక చూసేవాడు. అలాగే చూసి చూసి ఒక చలికాలం మంచం పట్టి పోయాడు. ఇంటి భారం అన్న మీద పడింది. పొలం పాడు చేసిన ఆ ఫ్యాక్టరీల్లోనే ఒకదానిలో అన్న పనికి కుదిరాడు. మందుల పొడులు తయారుచేసే ఫ్యాక్టరీ, ఇంటికి వచ్చాక ఎన్నిసార్లు స్నానం చేసినా ఒంటి నుంచి ఘాటు వాసన పోయేది కాదు. తను సైకిలు తొక్కుకుంటూ షిఫ్టులకు పోయి, నన్ను మాత్రం సంగారెడ్డిలో టీచర్ ట్రైనింగుకు పంపించాడు. నా పెళ్ళి అయ్యేదాకా తను చేసుకోనని పట్టుబట్టాడు.

నా పెళ్ళి పత్రికలో ఆహ్వానించేవారి దగ్గర అన్న పేరు ఖాసిం అనే వేయించాం. మా అత్తగారింట్లో దాని మీద మాటలు వచ్చాయి. పైకి గొడవేమీ లేదు, వేళాకోళాలే. మీ అన్న శుక్రవారం సెలవు పెడతాడా అని మా ఆడపడుచు నవ్వేది, నేను కూడా నవ్వేదాన్ని. కాలం మారిందని అప్పుడే నాకు కొద్దికొద్దిగా తెలుస్తూ వచ్చింది. పట్నంలో అప్పుడప్పుడు మతం గొడవలు జరిగేవి, ఆ మాటలు బస్సులెక్కి మా ఊళ్ళ దాకా వచ్చేవి. ఫ్యాక్టరీలో కూడా ఎక్కడెక్కడి నుంచో వచ్చిన కొత్తవాళ్ళు అన్న పేరు వినగానే ఒకలాగా చూసేవారట, ఇంటిపేరు చెప్పాక ఇంకోలాగా చూసేవారట. ఆ రెండు చూపుల నడుమ నిలబడటం కష్టంగా ఉందని అన్న ఒక్కసారి నాతో అన్నాడు. పేరుకు అర్థం చెప్పి ఒప్పించవచ్చు, కానీ కనపడ్డ ప్రతివాడికీ ఎంతకాలమని చెబుతాడు.

అన్నకు వచ్చిన సంబంధాలు రెండు అలాగే వెనక్కి పోయాయి, కారణం ఎవరూ నోరు విప్పి చెప్పలేదు. మూడో సంబంధం కుదిరింది, లగ్గం పెట్టుకున్నాం. పత్రిక అచ్చుకు ఇచ్చే ముందు పెళ్ళికూతురి మేనమామ మా ఇంటికి వచ్చాడు. మర్యాదస్తుడే, చాయ తాగి, గ్లాసు కింద పెట్టి, చాలాసేపు గొంతు సవరించుకుని విషయం చెప్పాడు.

"పిలగాడు బంగారమే, మాకేం పరేషాన్ లేదు. గని పత్రికల గా పేరు సూస్తే మా చుట్టాలకు ఏమని చెప్పుకోవాలె? సాయిబుల పేరేందంటరు. జెర వేరే పేరు ఏదన్న ఏపిస్తే బాగుంటది."

అమ్మ పీట మీద కూర్చుని బియ్యం ఏరుతోంది. తలెత్తకుండానే, "పీరు ఇచ్చిన పేరు. ఇచ్చినంక వాపస్ తీసుకుంటరా ఎవరన్న?" అంది. అప్పటికి అన్నకు ముప్పై దాటాయి. వాడి ముఖం చూసి, నా అత్తగారింటి నవ్వులు గుర్తొచ్చి, నేనే తెగించి చెప్పాను. పెద్దగా మార్చేదేముంది, కాశిం అనే కదా అందరం పిలుస్తాం, కాశీనాథ్ అని రాద్దాం, ముందు రెండక్షరాలూ ఇంచుమించు అవే, పిలుపులో తేడా కూడా తెలియదు అన్నాను. ఎంత తెలివిగల మాట చెప్పానో అని ఆ రోజు నాకు లోపల గర్వంగా కూడా అనిపించింది. మేనమామ ముఖం వికసించింది. అన్న అమ్మ వైపు చూశాడు, అమ్మ చేట తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది. ఆ వారంలోనే పేరు మార్పు కోసం దరఖాస్తు నా చేతి రాతతో రాశాను, గుండ్రటి అక్షరాలు, ఒక్క కొట్టివేత లేదు. అన్న కింద సంతకం పెట్టాడు. కొత్త సంతకం అలవాటు లేక నాథ్ దగ్గర చెయ్యి తడబడింది.

పెళ్ళి మా ఊళ్ళోనే, బడి పక్క ఖాళీ స్థలంలో పందిరి వేశాం. ఆ రోజు జరిగినదాన్ని నేను ఇన్నేళ్ళలో ఎవరికీ చెప్పలేదు. తలంబ్రాలు అయిపోయి, చుట్టాలు పీటల దగ్గరికి వచ్చి అక్షింతలు వేస్తున్నారు. బ్యాండు వాళ్ళు ఒక పక్కన కూర్చుని అన్నాలు తింటున్నారు. అంతలో పందిరి మొగదల ముజావరు తాత కనిపించాడు. ఉతికిన తెల్ల లాల్చీ, తలకు టోపీ, రెండు చేతుల మీద మల్లెలూ గులాబీలూ కలిపి గుచ్చిన పూలసరం. పండుగకు ఖాసిం పీరుకు కట్టే సెహ్రా అట్లాగే ఉంటుంది, అది ఆయన ఇంట్లో ఆయనే గుచ్చేవాడు. ఆ పీరును మా ఊళ్ళో పెళ్ళికొడుకు పీరు అంటారు. పెళ్ళీడులోనే యుద్ధంలో ప్రాణం విడిచాడని, అందుకే ఏటా ఆయన్ను పెళ్ళికొడుకులా పూలతో అలంకరిస్తారని తాత చెప్పేవాడు. తన చేతుల మీద పేరు పెట్టిన పిల్లవాడి పెళ్ళికి ఆ పూలు తెచ్చాడన్నమాట.

వధువు తరఫు వాళ్ళు ఆయన్ను చూసి పక్కకు జరిగి దారి ఇచ్చారు. దారి ఇచ్చిన పద్ధతిలోనే అంతా తెలిసిపోయింది. తాత నాలుగడుగులు లోపలికి వచ్చి, నిండుగా నవ్వుతూ, "ఖాసిం బేటా" అని పిలిచాడు.

పిలుపు పందిరంతా వినిపించింది. నేను అన్న వెనకే, చెయ్యి చాపితే తగిలేంత దూరంలో నిలబడి ఉన్నాను. అన్న మెడ బిగుసుకోవడం చూశాను. పెళ్ళికూతురి మేనమామ నా వైపు చూశాడు. అన్న తల తిప్పలేదు. తాత ఇంకొకసారి, ఈసారి కొంచెం తక్కువ గొంతుతో పిలిచాడు. అన్న వంగి కాలి దగ్గర పడిన అక్షింతలేవో సర్దుకోవడం మొదలుపెట్టాడు. నేనైనా ఎదురు వెళ్ళి, రండి తాతా అని చెయ్యి పట్టుకుని తీసుకురావచ్చు. నా కాళ్ళు కదల్లేదు. కదల్లేదు అనడం కూడా అబద్ధమే, నేను కదపలేదు. తాత కొంతసేపు అట్లాగే నిలబడి, చేతుల మీది పూలసరాన్ని పక్కనున్న ఖాళీ కుర్చీ మీద, పసిపిల్లను పడుకోబెట్టినంత మెల్లగా పెట్టి, వచ్చిన దారినే వెళ్ళిపోయాడు. భోజనం చెయ్యలేదు. కాసేపటికి ఎవరో ఆ కుర్చీ కావలసి వచ్చి పూలను తీసి గుంజకు చుట్టారు. దూరంగా ఆడవాళ్ళ మధ్య నిలబడి అమ్మ ఇదంతా చూసింది.

ఆ రోజు నుంచి అమ్మ అన్నను పేరు పెట్టి పిలవడం మానేసింది. కొత్త పేరు ఆమె నోటికి రాలేదు. పాత పేరు పలికితే కొడుకు సంసారంలో ఏం కలత వస్తుందోనని భయం. "ఓ బిడ్డా" అనేది, లేదంటే ఎదురుగా వెళ్ళి నిలబడేది. ఏటా పండుగకు ఒక్కతే మలీద చేసుకుని చావిడికి వెళ్ళి, తనే పంచి వచ్చేది. అన్న ఆ రోజు అడిగి మరీ డ్యూటీ వేయించుకునేవాడు. ముజావరు తాత దారిలో కనపడితే సైకిలు ఇంకో సందులోకి తిప్పేవాడు. నాలుగైదేళ్ళకు తాత సంగారెడ్డిలో కొడుకు దగ్గర ఉండగా పోయాడు, ఖననం అయిపోయిన మర్నాడు గానీ మాకు తెలియలేదు, అన్నకు చెప్పింది కూడా ఫ్యాక్టరీ గేటు దగ్గర చాయ దుకాణం వాడట. అమ్మ ఆ తరువాత కొంతకాలానికి పోయింది. ఆఖరి రోజుల్లో అన్న ఆమె పక్కనే కూర్చునేవాడు. ఏదో ఒక పేరుతో పిలుస్తుందని ఎదురుచూసేవాడని నాకు తెలుసు, వాడు పైకి చెప్పలేదు. అమ్మ వాడి చెయ్యి నిమిరింది, పిలవలేదు.

అన్నకు యాభై దాటీ దాటకముందే ఆయాసం మొదలైంది. పది అడుగులు వేస్తే నిలబడిపోయేవాడు. సంగారెడ్డి ఆసుపత్రిలో ఊపిరితిత్తులు పాడయ్యాయన్నారు, ఎన్నేళ్ళ పాటు ఏ ఆవిర్లు పీల్చాడో ఫ్యాక్టరీ వాళ్ళు చెప్పరు, చెప్పమని అడిగేవాళ్ళూ లేరు. పని మానేసి ఇంట్లో ఉండసాగాడు. ఒకరోజు మధ్యాహ్నం నాకు కబురు చేసి, సంగారెడ్డి పోదాం, తోడు రమ్మన్నాడు. ఆసుపత్రికే అనుకున్నాను. బస్సు దిగాక ఆటో అతనికి ఏదో పాత గల్లీ పేరు చెప్పాడు. ముజావరు తాత కొడుకు ఇల్లది. చిన్నప్పుడు మేము ఆయన్ను భాయి అని పిలిచేవాళ్ళం, అన్న కంటే రెండేళ్ళు పెద్ద, సంగారెడ్డిలోనే ఉర్దూ పంతులుగా పనిచేస్తూ ఊరు వదిలి చాలా ఏళ్ళయింది.

భాయి మమ్మల్ని చూసి ఆశ్చర్యపోయాడు గానీ ఎందుకొచ్చారని అడగలేదు. మంచం మీద దుప్పటి మార్చి కూర్చోబెట్టాడు, ఇంట్లోంచి చాయ వచ్చింది. పాత సంగతులు, వాగు, బడి, ఎవరెవరు పోయారు, ఆ మాటలే కాసేపు నడిచాయి. అన్న ఆయాసపడుతూ ఉన్నట్టుండి, "భాయీ, నా పేరుకు నిజంగ అర్థమేంది? తాత పంచేటోడు అంటుండె" అని అడిగాడు. భాయి పిల్లల నోటు పుస్తకం ఒకటి తీసుకుని, కుడి నుంచి ఎడమకు మెల్లగా రాసి చూపించాడు. అరబ్బీలో ప్రతి మాటకూ వేరు ఉంటుందట, ఎక్కువగా మూడు అక్షరాలు. ఈ పేరుకు ఖాఫ్, సీన్, మీమ్. భాగాలు చేయడం, ఎవరి వంతు వాళ్ళకు ఇవ్వడం ఆ వేరుకు అర్థం. అట్లా వంతులు వేసి ఇచ్చేవాడు ఖాసిం. మన రెవెన్యూ కాగితాల్లో భూమి పంపకాన్ని తక్సీం అనేది ఆ వేరు నుంచే. మనిషి వంతుకు వచ్చినదాన్ని కిస్మత్ అనేది కూడా అందులోంచే పుట్టిందట. "ఒట్టు పెట్టుకుంటం గద, కసం అని, గది గూడ గీ మూడు అక్షరాలే" అన్నాడు. అక్షరాలు రాసిన పుస్తకం అన్న ఒళ్ళో పెట్టుకుని వేలితో వాటి మీద రాస్తూ కూర్చున్నాడు. అంతకాలం తన పేరును తన కళ్ళతో ఆ లిపిలో చూడలేదు వాడు.

చాలాసేపటికి తలెత్తి, "నా లగ్గం నాడు పందిట్ల మీ అబ్బా నన్ను పిలిచిండు భాయీ" అన్నాడు.

"ఔను, అబ్బా ఇంటికొచ్చి చెప్పిండు. బ్యాండ్ మోతల పిలగానికి ఇనపడలేదన్నడు. ఊర్ల అడిగినోళ్ళందరికి గదే చెప్పిండు."

"బ్యాండ్ మోగలే. బ్యాండోళ్ళు అన్నం తింటున్నరు. నేను ఇన్న. రెండుసార్లు పిలిచిండు, రెండుసార్లు ఇన్న. ఇని గూడ తిరగలే."

భాయి చాయ కప్పు కింద పెట్టి, "నాకెరుకే. అబ్బాను తీస్కపోనీకె వచ్చి పందిరి బయట్నే నిలబడి ఉన్న. అబ్బాకు గూడ ఎరుకే" అన్నాడు.

"మరెందుకు గట్ల చెప్పిండు?"

"నిన్ను ఎవరన్న తప్పు పడ్తరని. నా చేతుల మీద పెట్టిన పేరు, దాన్ని ఊర్ల ఎవ్వరు తిట్టొద్దు అనెటోడు." గొంతు మార్చకుండానే, "నాకు మాత్రం శానా ఏండ్లు కోపముండె ఖాసిం. అబద్ధం చెప్ప. గందుకే నీ దిక్కు రాలే" అన్నాడు.

అన్న రెండు చేతులతో ముఖం కప్పుకున్నాడు. ఏడ్చేంత ఊపిరి వాడికి లేదు, భుజాలు ఎగిరిపడి మళ్ళీ దగ్గు వచ్చింది. భాయి లేచి వచ్చి వీపు నిమురుతూ నిలబడ్డాడు. క్షమించాననో, మర్చిపొమ్మనో ఏ మాటా అనలేదు, దగ్గు తగ్గేదాకా చెయ్యి మాత్రం తీయలేదు. ఆ దరఖాస్తు రాసింది నేనని, ఆ పేరు వెతికింది నేనని చెప్పాలని నా నోటి దాకా వచ్చింది. చెప్పలేదు.

తిరుగు బస్సులో కంది ఊరు దాటాక చెప్పాను. "అన్నా, ఆ కాయితం రాసింది నేనే గద. నువ్వొక్కనివే తప్పు మీదేసుకున్నవ్." అన్న కిటికీలోంచి బయటికి చూస్తూ, "రాసింది నువ్వే. సంతకం పెట్టింది నేను. పిలిస్తే తిరగనిది గూడ నేనే" అన్నాడు. దాని మీద మేమిద్దరం ఇంకెప్పుడూ మాట్లాడుకోలేదు, మాట్లాడుకునేంత వ్యవధి కూడా లేకపోయింది. వానలు మొదలయ్యాక అన్న పోయాడు.

పదోరోజు పత్రికలో రెండు పేర్లూ వేయిద్దామని నేను అడిగాను. మా మేనల్లుడు మంచివాడే, చదువుకున్నవాడే, ఆ పేరు ఎవరికి తెలుసత్తా, వచ్చినవాళ్ళు పరేషాన్ అవుతారన్నాడు. నేను గట్టిగా అడగలేదు. కర్మకు భాయి వచ్చాడు, అందరి వెనకా నిలబడి, ఫోటో దగ్గర పూలు వేసి వెళ్ళాడు. ఆ సాయంత్రం వాకిట్లో వదినా నేనూ మాత్రమే ఉన్నప్పుడు పెళ్ళినాటి సంగతి చెప్పాను, ఆమెకు ఏమీ తెలియదనుకున్నాను. ఆమె చీర కొంగును వేలికి చుట్టుకుంటూ విని, "మా మామ అట్ల అడిగిండని నాకు లగ్గమైనంక తెల్సింది. గా పేరైతే నాకేంది వదినా? నన్నెవరన్న అడిగిన్రా? అడిగితే నేను వద్దంటుంటినా?" అంది. నిజమే, ఆమెను మేమెవరమూ అడగలేదు. ఎవరి కోసం పేరు మార్చామో ఆ మనిషికి దానితో పనే లేకపోయింది. ఇన్నేళ్ళు ఆమె కూడా ఆ పేరుతో భర్తను ఒక్కసారైనా పిలవలేకపోయింది.

ట్రైనింగు అయినప్పటి నుంచి రిటైరయ్యేదాకా నేను బడిలో పాఠాలు చెప్పాను. ఉద్యోగంలో చేరిన కొత్తలో హాజరు పిలుస్తుంటే రైతుల పిల్లల్లో, కూలీల పిల్లల్లో సైదులు, మస్తాన్, ఫకీరయ్య, హుసేనమ్మ అని వరుసగా పలికేవారు. బొట్లు పెట్టుకున్న పిల్లలే, ఏ మొక్కులకో పుట్టినవాళ్ళు, కష్టం వచ్చిన రోజు ఏ గడప దగ్గరగా ఉంటే ఆ గడపకు పరుగెత్తిన తల్లుల బిడ్డలు. ఆ పేర్లను ఎవరూ నిషేధించలేదు. బడిలో చేర్చేటప్పుడు నాలాంటి టీచరమ్మలు కలం పట్టుకుని, ఇదే రాయమంటారా అని ఒక్కమాట అడిగేవాళ్ళం, అంతే. ఆ తల్లి ఒక క్షణం తడబడి, మీకు తోచింది రాయండి మేడం అనేది. అట్లా ఎంతమంది పిల్లల పేర్లు మార్చి రాశానో ఇప్పుడు గుర్తు లేదు, అప్పుడది వాళ్ళకు మేలే అనుకున్నాను. చావిడి కూలిపోయింది, అలావ గుండం ఉన్న చోట లారీలు నిలుపుతున్నారు, వాగు సంగతి చెప్పనే అక్కర్లేదు. నేను రిటైరయ్యే ముందు రోజు నలభై మంది పిల్లల హాజరు పిలిచాను. చక్కటి పేర్లు, అన్నీ అర్థాలు వెతికి పెట్టుకున్నవే. పక్కింటి దేవుణ్ణి అడిగి తెచ్చుకున్న పేరు అందులో ఒక్కటి కూడా లేదు.